మిరప కుప్ప మీద దొరసాని

శనివారం, ఫిబ్రవరి నెలాఖరు

ఇంకా నిద్ర పట్టడం లేదు. మెక్సికో వాళ్లు ఎప్పుడో తీసిన నలుపు తెలుపు దయ్యాల సినిమాను మా కల్లంలో వేస్తానంటే, పొద్దున నాన్న నన్ను పిచ్చిదాన్ని చూసినట్టు చూశాడు. మిరపకాయల మీద కప్పే తెల్ల పట్టాను తెరగా కట్టుకోనిచ్చాడు గానీ, "చినుకు పడితే ముందు పట్టా విప్పాలి. కాయ తడిస్తే ఏడాది కష్టం పోద్ది" అన్నాడు.

చీకటి పడగానే కోతకొచ్చిన ఆడవాళ్లంతా కూర్చున్నారు. స్పానిష్ మాటలకు నేను రాసుకున్న తెలుగును మైకులో చదివాను. పట్టాకంటిన ఘాటుకు అందరూ దగ్గుతున్నారు, కానీ ఒక్కరూ లేవలేదు.

సినిమాలో చచ్చిపోయిన దొరసాని సమాధిలో కళ్లు తెరిచేసరికి సరిగ్గా చినుకులు మొదలయ్యాయి. పరుగెత్తి పట్టా విప్పి కుప్ప మీద కప్పాం. షెడ్డులో ఉన్న ప్రొజెక్టర్ ఆపబోతుంటే, "ఆపమాకే, ఇటు తిప్పు" అని నాన్నే అరిచాడు.

తిప్పాను. దొరసాని ముఖం కుప్పంత అయింది. గాలికి పట్టా లేచినప్పుడల్లా ఆవిడ బుగ్గలు ఊపిరి పీలుస్తున్నట్టు కదిలాయి. కూలీల మేస్త్రి మరియమ్మ నా చెయ్యి పట్టుకుని, "ఇది బతికే ఉందమ్మాయ్" అంది. నేను చదవాల్సిన మాటలు మర్చిపోయాను. ఎవరూ అడగలేదు కూడా.

వాన పది నిమిషాల్లో ఆగింది. అడుగున తడి చేరిందో లేదో పొద్దున్నే చూడాలి.

రోజూ కల్లంలోనే పడుకునే నాన్న ఇవాళ మంచం వరండాలోకి తెచ్చుకున్నాడు. మరి కాయలకు కాపలా ఎవరని అడిగాను.

"ఆ దొరసానుందిగా" అని దుప్పటి ముసుగేసుకున్నాడు.