మొగిలి ఇంటి తలుపు

హైదరాబాద్

అక్కకు, నీ చెల్లెలు స్వప్న నమస్కారాలు. బావ మోకాలి నొప్పి తగ్గిందా? పిల్లలు వేళకు తింటున్నారా? గోదావరిఖనిలో ఎండలు ముదిరాయట కదా, షిఫ్టు దిగి వచ్చే బావకు మజ్జిగ ఇవ్వడం మరిచిపోకు. నేను బాగున్నాను, బెంగపడకు. హాస్టల్ పప్పు నీళ్లలా ఉంటుంది కానీ, నువ్వు పంపిన మామిడికాయ తొక్కుతో ఎలాగో ముద్ద దిగుతోంది. నిజంగా బాగున్నాను.

ఇక అసలు సంగతి. అక్కా, గెలిచాను!

ఫోన్లు, యంత్రాలు మనుషులను ఎలా ఆడిస్తున్నాయో వెక్కిరించే టీవీ కామెడీకి రాస్తున్నానని చెప్పాను కదా. ఇంతవరకు నేను రాసినవన్నీ చెత్తబుట్టలోకే పోయాయి. ఇది కూడా పండకపోతే సామాను సర్దుకోమని డైరెక్టరు ముఖం మీదే చెప్పాడు. ఏడుపొచ్చింది. అయ్యేది అవుతుందని మన కాలనీ కథే రాసేశాను.

మొగిలి అనే బొగ్గుగని కార్మికుడు, భార్య పుట్టింటికి వెళ్లినప్పుడు, ముఖం చూసి తెరుచుకునే తలుపు పెట్టించుకుంటాడు. అప్పుడే డ్యూటీ దిగి వచ్చాడేమో, బొగ్గు పట్టిన నల్లటి ముఖాన్నే దానికి చూపిస్తాడు. మర్నాడు స్నానం చేసి బజారుకు వెళ్లొస్తే తలుపు తీయదు! షిఫ్టు దిగినవాళ్లు ఎవరొచ్చినా మాత్రం "రా మొగిలన్నా" అని తెరుచుకుంటుంది. ఇల్లంతా మొగిలన్నలే. ఒకడు అన్నం వడ్డించుకుంటాడు, ఇంకొకడు కూలర్ ముందు గురక పెడతాడు. అసలు మొగిలి బయట కూర్చుని ముఖానికి బొగ్గుపొడి పూసుకుంటుంటాడు.

అందరికీ చదివి వినిపించే రోజు, తలుపు మాటలను ఒక నటి వార్తలు చదివినట్టు చదివింది. ఒక్కరూ నవ్వలేదు. నాకు ఒళ్లు మండింది. కాగితం లాక్కుని, నువ్వు బావను కసిరినట్టే కసిరాను.

"ఎవరివయ్యా నువ్వు? గింత తెల్లగున్నవేంది? మా మొగిలన్న గిట్లుండడు. జల్ది పో, లేకుంటే పక్కింటోళ్లను పిలుస్త!"

డైరెక్టరు పొట్ట పట్టుకుని నవ్వాడు. మళ్లీ మళ్లీ చెప్పించుకున్నాడు. ఇక తలుపు గొంతు నాదే, రాత కూడా నాదే. ఉద్యోగం నిలిచింది అక్కా! ఆ రోజంతా నా కాళ్లు నేల మీద లేవు.

ఆదివారం సాయంత్రం అందరూ చూడండి. తలుపు నీలాగే కసురుతుందని బావ నవ్వితే కోప్పడకు. అవ్వకు నా దండాలు చెప్పి, దీవించమను. పిల్లలకు ముద్దులు.

తిరిగి వస్తానేమోనని నా మంచం అలాగే వాల్చి ఉంచావట. ఇక తీసెయ్యి. అక్కడ పిల్లలు చదువుకోవడానికి బల్ల వేయించు.

ఎప్పటికీ నీ చెల్లె,
స్వప్న