పటేలమ్మ ఉతికిన నీ చీర

అమ్మా, నువ్వు పోయి నేటికి ఏడాది. పొద్దున పటేలమ్మ మన గడప తొక్కింది.

నువ్వు కుంకుడురసంతో ఉతికిన వాళ్లింటి బట్టలు కంపు కొడుతున్నాయని మూటను వాకిట్లో విసిరేసి, నీ చేతిలో సబ్బుపొడి పెట్టింది ఆవిడే. ఆ పొడికి నీ అరచేతులు పగిలి, అన్నం కలుపుకోలేకపోయేదానివి.

ఇప్పుడు ఆవిడకు ఒళ్లంతా దద్దుర్లు. "మోత్కూరు డాక్టరు సబ్బుపొడి బంద్ చెయ్యమన్నడు. జర కుంకుళ్లతోటి ఉతికియ్యి బిడ్డా" అంది.

"నేర్పిస్త. నువ్వే ఉతుక్కో" అని కుంకుళ్లూ రాయీ ముందు పెట్టాను. నేర్చుకోవడానికి నీ చీర ఇచ్చాను. కాయలు కొట్టి, నానబెట్టి, పిసికి, మధ్యాహ్నం దాకా ఉతికింది.

నేను వాసన చూసి, చీరను వాకిట్లో విసిరేశాను.

"కంపు కొడుతాంది. మల్ల ఉతుకు."

అబద్ధమే, అమ్మా. అచ్చం నీ చేతుల వాసన.