పండుకో అన్న మాట

అక్కా,

నువ్వు ఫోన్ ఎత్తడం లేదు కనుక జీడిమెట్లకు ఉత్తరం రాస్తున్నాను. "హిప్నాటిజం గిప్నాటిజం ఏందిరా? గది వశీకరణం. వాడు నిన్ను బొమ్మ లెక్క ఆడిస్తడు" అని నువ్వు తిట్టి మూడు వారాలైంది.

అలాంటిదేమీ జరగలేదు. నిద్ర పట్టక మాదాపూర్‌లో ఆ హిప్నాటిజం డాక్టరు దగ్గరికి వెళ్లాను. ఆయన "మీరు నిద్రలోకి జారుకుంటున్నారండీ" అంటుంటే ఆఫీసు మీటింగులో ఉన్నట్టు ఒళ్లు బిగుసుకుపోయింది. ఇక్కడ నన్ను అందరూ "మీరు" అనే పిలుస్తారక్కా.

చిన్నప్పుడు ఏ మాటకు నిద్రపోయేవారని అడిగాడు. అమ్మ పోయాక నువ్వు "జర పండుకో తమ్మీ" అనేదానివని చెప్పాను. ఆయన తన కోస్తా యాసలో ఆ మాట అన్నాడు. ముందు నవ్వొచ్చింది, తర్వాత ఏడుపు ఆగలేదు.

ఆ ఒక్క మాట నీ గొంతుతో రికార్డు చేసి పంపు. తిట్టి తిట్టి, చివర్లో అన్నా సరే.

నీ తమ్మి