అరటితోటలో పడ్డ పెనాల్టీ

ఎంబాలే, ఉగాండా

ఎనోష్ మామయ్యకు షాలోం.

మన యూదుల ఫుట్‌బాల్ జట్టు మీద నేను తీస్తున్న డాక్యుమెంటరీని నెలాఖరుకు కంపాలాలో మా కాలేజీకి ఇవ్వాలి. మన ఇంట్లో మొదట చదువుకున్నదాన్ని, తప్పితే బాగుండదు. ఒక్క సీను మీ అనుమతి కోసం ఆగింది. ఫోన్‌లో చెబితే సగంలోనే నవ్వేస్తారని రాస్తున్నాను.

"ప్రార్థనలు తియ్యవే, బంతిలో యూదుతనం ఏముంది?" అన్నారు మీరు. ఆ శుక్రవారం ఎదుటి జట్టు మగీదు పెనాల్టీ కొట్టబోతుంటే, పొద్దు గుంకింది, సబ్బాతు విశ్రాంతి మొదలైపోయిందని గోల్ వదిలి ఇంటికి నడిచింది మీరే కదా! ఖాళీ గోల్‌లో కూడా కొట్టలేక బంతిని అరటితోటలోకి తన్నాడని ఇప్పటికీ అతని చపాతీ బండి దగ్గర నిలబడి ఏడిపిస్తారు.

నిన్న కెమెరా ముందు మగీదును అదే అడిగాను. పిండి పిసుకుతూనే చెప్పాడు: "కావాలనే తన్నాను తల్లీ. మీ మామ దేవుడి పని మీద పోయాడు. నేనూ నమాజు చేసేవాణ్ణేగా! మనిషి లేని గోల్‌లో కొట్టి గెలిచానని ఏ మొహంతో చెప్పుకోను?"

"మరి ఇన్నేళ్ళూ మాటలెందుకు పడ్డారు?"

"చెప్పేస్తే ఏడిపించడానికి రాడు. రాకపోతే నా చపాతీలు ఎవడు తింటాడే?"

మామయ్యా, ఈ మాట మీరు మొదటిసారి నలుగురిలో తెర మీద వినకూడదు. వచ్చి అతని పక్కన కూర్చుని మాట్లాడండి. వద్దంటే సీను కత్తిరించేస్తాను. ఊరు మాత్రం మగీదుకు గురి లేదనే అనుకుంటుంది.

శుక్రవారం అతనికి, శనివారం మీకు, ఆదివారం మా కెమెరామనుకు కుదరదు. మంగళవారం పెట్టుకున్నాను. పన్నెండో తేదీలోగా జవాబు రాయండి.

మీ మేనకోడలు