తలకి ఎంత?

పిల్ల అమ్మకి పిల్ల నాన్న రాసే ఉత్తరం. ఇక్కడ నా ఒంట్లో బాగానే ఉంది. నువ్వూ, పిల్లా, మీ అన్నయ్య ఇంటిల్లిపాదీ కులాసాగా ఉన్నారని తలుస్తాను.

పిల్లకి దగ్గు తగ్గిందని రాశావు. ఈ వారంలో నేను విన్న మంచిమాట అదొక్కటే. హోటల్ మేడమీద గది గురించి మళ్ళీ అడిగావు. కిటికీలోంచి ఎండ బాగానే పడుతుంది. బడిసంచీ తగిలించుకోవడానికి పిల్లకి అందేలా గోడకి కిందుగా మేకు కూడా కొట్టాను.

ఇక రొయ్యల సంగతి. నా దగ్గరికి బయల్దేరేముందు మీవాళ్ళందరికీ భోజనం పెడతానన్నావు. మనిషికి ఎంత తేవాలో "వంటాయన" చెప్పాలన్నావు. తలా పొట్టూ తీసినవైతే తలకి నూటపాతిక గ్రాములు చాలు. తలలతో కొంటే రెట్టింపు తీసుకో. వలిచేసరికి సగం పోతుంది, పొయ్యిమీద ఇంకాస్త ముడుచుకుంటుంది.

ఈ లెక్క నాకు పోయిన ఆదివారమే తెలిసింది. పాత హోటల్‌కి వలిచిన రొయ్యలే వచ్చేవి కదా. ఇక్కడ ఎనభైమందికి విందు. "తలకి నూటపాతిక" అన్నాడు యజమాని. అంతే తెచ్చాను, తలలతో. నిండు బుట్టలు చూసి మురిసిపోయాను. వాపు చూసి బలుపనుకున్నాను. వలిచాక చూస్తే సగమే మిగిలాయి. ఎవరికీ చెప్పకుండా ఉల్లిపాయలూ మసాలా పెంచి నెట్టుకొచ్చాను. రెండో విడత కూర్చున్నవాళ్ళకి గరిటెతో ఎంత దేవినా ఒక్క రొయ్య తగల్లేదు.

"మనుషుల తలకి తెమ్మంటే రొయ్యల తలకి తెచ్చావేంటయ్యా!" అన్నాడు యజమాని, అందరి ముందూ. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. లోపల మాత్రం తల కొట్టేసినట్టయింది. నవ్వులు ఆగాక "రేపట్నుంచి రాకు" అన్నాడు.

పనితో పాటు ఇచ్చిన గది, పనితోనే పోయింది. మేకు పీకబోయాను, చేతులు రాలేదు. ఇప్పుడు కూరగాయల కొట్టు వెనక గోనెసంచుల మధ్య పడుకుంటున్నాను. ఏ వంటింటికి వెళ్ళినా ఆ కథ నాకంటే ముందే వెళ్ళి కూర్చుంటోంది. "రొయ్యల తలకాయ వచ్చాడ్రా" అంటున్నారు. మిమ్మల్ని ఏ మొహంతో రమ్మనను? నాకింక దారి కనిపించడం లేదు.

పిల్లకి నువ్వే ఏదో ఒకటి చెప్పు. రావద్దు. విందు కూడా పెట్టకు. ఇప్పటికే పిలిచేసి ఉంటే మాత్రం రెట్టింపే కొను, ఎవరి కంచంలోనూ తక్కువ కాకూడదు. మిమ్మల్ని తీసుకెళ్ళడానికి వస్తానని నన్నూ లెక్కలో వేసే ఉంటావు. నా తల తీసేసి లెక్కపెట్టుకో.

ఇట్లు,
నీ వంటాయన