పేరు మార్చినా చెరువు మారలేదు

నరసాపురం

అమ్మా శ్రీదుర్గా,

పరువు నష్టం దావాల మీద మీ లా కాలేజీ పత్రికకి నువ్వు రాసిన వ్యాసం చదివాను. అచ్చుకి వెళ్లేలోపు నా సంగతి తీసెయ్యి. నా క్లయింటు రాజుగారి పేరు మార్చావు గానీ, మొగల్తూరు రొయ్యల చెరువు అలాగే ఉంచేశావు. ఇక్కడ చెరువు చెబితే చాలు, మనిషెవరో తెలిసిపోతుంది.

ఆ చెరువు కేసు మధ్యలో వెనక్కి తీసుకున్నందుకు, నేను అవతలివాళ్లకి అమ్ముడుపోయానని ఆయన భార్య ఊరంతా చెబుతోంది. "దావా వెయ్యి మావయ్యా" అంటావు. వేస్తే, ఎందుకు వెనక్కి తీసుకున్నానో కోర్టులో చెప్పాలి. అది ప్లీడరునని నమ్మి రాజుగారు నాతో చెప్పుకున్న మాట. బయటపెడితే నా పరువు దక్కుతుంది, ఆయనది పోతుంది. ఆయన చనిపోయినంత మాత్రాన ఆ మాట నా సొంతమైపోదు. నీక్కూడా చెప్పను.

నిన్న పంటు మీద గోదావరి దాటుతుంటే ఆవిడ ఎదురుపడింది. "కాస్త దూరంగా జరగండమ్మా, మిమ్మల్ని కూడా అమ్మేస్తాడీయన" అంది పక్కవాళ్లతో. నిజంగానే జరిగారు. రేవు వచ్చేదాకా నీళ్లకేసి చూస్తూ కూర్చున్నాను.

అలిసిపోయానమ్మా. కానీ ఆవిడ నన్ను తిడుతున్నన్నాళ్లూ, రాజుగారి కేసు నేను సరిగ్గా నడుపుతున్నట్టే.

మీ మావయ్య