కూజాలో సాక్షులు

జహ్రూన్ అన్నయ్యా,

అమ్మ పోయిన కబురు నీకు ఈపాటికి చేరే ఉంటుంది. మన ఆచారం తప్పకుండా, ప్రాణం ఉండగానే నదినీళ్ళు పోసి, పోయేవాళ్ళకి వేసే తెల్లని బట్టలు, రస్తా, తొడిగామని అన్‌హర్ వదిన అందరికీ చెబుతోంది. అమ్మ పెదాలు కదిపిందట. నేనూ తలూపాను.

ఆ పొద్దున రస్తా తీస్తుంటే అమ్మ నన్ను కసిరింది. "అప్పుడే ఆ బట్టలెందుకే? నన్ను సాగనంపడానికి అంత తొందరేమొచ్చింది? నీళ్ళు మంచులా ఉంటాయి, కాస్త ఎండెక్కనీ!" నవ్వి, రస్తా మడిచి పక్కన పెట్టాను. ఎండెక్కాక టైగ్రిస్‌కి వెళ్ళి కూజా నింపుకొచ్చి తల మీద పోశాను. చన్నీళ్ళు తగిలితే వీధంతా వినబడేలా అరిచే మనిషి, అన్నయ్యా. వణకను కూడా లేదు. వదిన మాత్రం గబగబా రస్తా తొడిగేసింది.

మనవాళ్ళకి ఏదో ఒకటి చెప్పుకోవచ్చు. పారే నీటిని కాచే దూతలు షిల్మయ్, నిద్బయ్ ఆ కూజా నీళ్ళతోనే మా గదిలోకి వచ్చారు. అంతా చూశారు. రేపు ఆత్మల్ని తూచే అబాతుర్ త్రాసు దగ్గర అమ్మని అడిగితే వాళ్ళు అబద్ధమాడతారా?

నువ్వు పూజారివి. ప్రాణం ఉండగా రస్తా తొడగకుండానే పోయినవాళ్ళ కోసం, వాళ్ళ పేరున బతికున్నవాళ్ళకి తొడిగే క్రతువు ఉందిగా. అది నాకు చెయ్యి. వదిన ముఖం మాడ్చుకుంటుంది, మనవాళ్ళు నానామాటలంటారు. అననీ. అమ్మ ఆ త్రాసు దగ్గరికి చేరేలోగా నువ్వు ఇక్కడికి చేరాలి.

వస్తూ కొత్త రస్తా కుట్టించుకురా. నా కొలతలు అడుగుతూ రోజులు పోగొట్టకు. అమ్మ కొలతలే నావీ.

నీ చెల్లెలు